పరిశోధన పత్రాలు డబ్బు కట్టకుండా చదవడం ఎలా: మన దేశంలో తెరిచి ఉన్న దారులు

ఏదో ఒక విషయం మీద వెతుకుతుండగా సరిగ్గా మనకు కావలసిన పరిశోధన పత్రమే కనిపిస్తుంది. శీర్షిక, రచయితల పేర్లు, పది పన్నెండు వాక్యాల సారాంశం వరకు చదవనిచ్చి, అక్కడి నుంచి ముందుకు వెళ్లాలంటే ముప్పయ్యో నలభయ్యో డాలర్లు కట్టమంటుంది ఆ పేజీ. చాలామంది అక్కడే ఆగిపోతారు. కొందరు తెలిసినవాళ్లెవరైనా పెద్ద విశ్వవిద్యాలయంలో ఉన్నారేమోనని ఫోన్లు మొదలుపెడతారు. ప్రచురణ సంస్థ పేజీ అనేది ఆ పత్రానికి ఉన్న చిరునామాల్లో ఒకటి మాత్రమేనని, అదే పత్రం మరో రెండు మూడు చోట్ల చట్టబద్ధంగా, ఉచితంగా దొరికే అవకాశం ఉందని తెలిస్తే ఇంత ప్రయాస ఉండదు. ఎక్కడ ముందు చూడాలి, ఎక్కడ తరువాత చూడాలి అన్న వరుస తెలియడమే ఇందులో అసలు మెలకువ. ఆ వరుసను, ఆపైన మన సొంత పత్రాన్ని నలుగురికీ అందుబాటులో పెట్టే పద్ధతిని ఇక్కడ వివరిస్తున్నాను.

ముందుగా మీ సంస్థ సంగతి తేల్చుకోండి

మీరు ప్రభుత్వ విశ్వవిద్యాలయంలోనో, ప్రభుత్వ డిగ్రీ కళాశాలలోనో, కేంద్ర ప్రభుత్వ పరిశోధన సంస్థలోనో చదువుతున్నా, పనిచేస్తున్నా మొదట చూడవలసింది 'వన్ నేషన్ వన్ సబ్‌స్క్రిప్షన్' పథకం. కేంద్ర మంత్రివర్గం దీన్ని 2024 నవంబరు 25న ఆమోదించి, 2025, 2026, 2027 సంవత్సరాలకు కలిపి రూ.6,000 కోట్లు కేటాయించింది. 30 అంతర్జాతీయ ప్రచురణ సంస్థలకు చెందిన సుమారు 13,000 జర్నళ్లకు కేంద్రమే ఒక్కచోటి నుంచి చందా కట్టి, కేంద్ర, రాష్ట్ర ప్రభుత్వాల నిర్వహణలో ఉన్న 6,300కు పైగా ఉన్నత విద్యా, పరిశోధన సంస్థలకు వాటిని అందిస్తోంది. దీని నిర్వహణ బాధ్యత గాంధీనగర్‌లో ఉన్న యూజీసీ అనుబంధ సంస్థ ఇన్‌ఫ్లిబ్‌నెట్‌ది.

ఇది వాడుకోవడానికి విద్యార్థి విడిగా దరఖాస్తు పెట్టుకోనక్కరలేదు, కానీ సంస్థ నమోదై ఉండాలి. కళాశాల నెట్‌వర్క్‌లో ఉన్నప్పుడు ప్రచురణ సంస్థ పేజీ తెరిస్తే చాలావరకు పూర్తి పాఠం నేరుగా వస్తుంది. ఇంటి నుంచి చదవాలంటే ఇన్‌ఫ్లిబ్‌నెట్ నడిపే 'ఇన్‌ఫెడ్' లాగిన్ కావాలి. దాన్ని ఇప్పించవలసింది మీ గ్రంథాలయమే. నేను వెళ్లిన ఒక ప్రభుత్వ కళాశాలలో నమోదు ఎప్పుడో పూర్తయింది, లాగిన్ వివరాలున్న కాగితం గ్రంథాలయాధికారి బల్ల అద్దం కింద భద్రంగా ఉంది, పీజీ విద్యార్థుల్లో ఒక్కరికీ ఆ విషయం తెలియదు. కాబట్టి "మన కళాశాలకు వన్ నేషన్ వన్ సబ్‌స్క్రిప్షన్ ఉందా, ఇన్‌ఫెడ్ లాగిన్ ఎవరు ఇస్తారు" అని ఆ రెండు పేర్లూ స్పష్టంగా పలికి అడగండి. "ఆన్‌లైన్ జర్నల్స్ ఉన్నాయా" అని మొత్తంగా అడిగితే, ఎప్పుడో ఆగిపోయిన పాత చందా గుర్తుకొచ్చి లేవనే సమాధానం వచ్చే ప్రమాదం ఉంది.

ప్రైవేటు కళాశాలల అధ్యాపకులు, ఉద్యోగ విరమణ చేసిన ఆచార్యులు, పాత్రికేయులు, ప్రైవేటు ప్రాక్టీసులో ఉన్న వైద్యులు, ఏ సంస్థకూ చెందకుండా చదువుకునేవారు ఈ పథకంలోకి రారు. 2020 చివర్లో వెలువడిన జాతీయ శాస్త్ర, సాంకేతిక, ఆవిష్కరణ విధానం ముసాయిదా మాత్రం దేశంలోని ప్రతి వ్యక్తికీ జర్నళ్లు అందాలనే ప్రతిపాదించింది. అది సాధ్యం కాని కోరికేమీ కాదు. 2007లోనే భారత వైద్య పరిశోధన మండలి, చికిత్సల మీద జరిగిన పరిశోధనలను క్రోడీకరించే కోక్రేన్ లైబ్రరీకి జాతీయ చందా కట్టి, దేశంలో ఇంటర్నెట్ ఉన్న ఎవరైనా దాన్ని చదువుకునే వీలు కల్పించింది. ప్రజల పన్నుతో కట్టే చందా కళాశాల గుర్తింపు కార్డు ఉన్నవారి దగ్గరే ఆగిపోవడం నాకు సమంజసంగా తోచదు. ఏదేమైనా, ఇక్కడి నుంచి చెప్పబోయేదంతా ఆ గుర్తింపు కార్డు లేనివారి కోసం.

ఒకే పత్రానికి ఉన్న ఇతర చిరునామాలు వెతకడం

పత్రం పూర్తి శీర్షికను కాపీ చేసి, ముందూ వెనుకా ఉల్లేఖన చిహ్నాలు పెట్టి, పరిశోధన పత్రాలను మాత్రమే వెతికే గూగుల్ స్కాలర్‌లో వెతకండి. ఫలితానికి కుడివైపున పీడీఎఫ్ లంకె ఉంటే పని అయిపోయినట్టే. లేకపోతే ఫలితం కింద సన్నని అక్షరాల్లో 'ఆల్ వెర్షన్స్' అనే మాట, దాని పక్కన ఒక అంకె కనిపిస్తాయి. చాలామంది దాన్ని నొక్కరు. నొక్కితే అదే పత్రం ఎన్నిచోట్ల ఉందో మొత్తం జాబితా తెరుచుకుంటుంది. ఉదాహరణకు కందిలో ఎండు తెగులు మీద ఒక పత్రం కావాలనుకుందాం. జాబితాలో మొదటిది ప్రచురణ సంస్థ పేజీ, అక్కడ డబ్బు అడుగుతారు. రచయితల్లో ఒకరు పటాన్‌చెరులోని ఇక్రిశాట్ శాస్త్రవేత్త అయితే, ఆ కింద ఇక్రిశాట్ డిజిటల్ భాండాగారం చిరునామా కూడా ఉండే అవకాశం ఎక్కువ. ఎందుకంటే తమ శాస్త్రవేత్తల పత్రాలను సొంత భాండాగారంలో అందరికీ అందుబాటులో ఉంచాలని ఆ సంస్థ 2009లోనే నియమం పెట్టుకుంది. బెంగళూరులోని ఇండియన్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ సైన్స్ 2002 నుంచి 'ఈప్రింట్స్' పేరుతో ఇటువంటి భాండాగారాన్ని నడుపుతోంది. ఐఐటీ హైదరాబాద్‌కూ ఒకటి ఉంది. అందుచేత రచయితల పేర్ల కింద ఉన్న సంస్థల పేర్లు చదవడం అలవాటు చేసుకోండి, తరువాత వెతకవలసిన చోటు అవే చెబుతాయి.

కంప్యూటరులో చదివేవారు 'అన్‌పేవాల్' అనే ఉచిత బ్రౌజర్ పొడిగింపును పెట్టుకుంటే ఈ శ్రమ సగం తగ్గుతుంది. ప్రచురణ సంస్థ పేజీ తెరవగానే, అదే పత్రానికి చట్టబద్ధమైన ఉచిత ప్రతి ఎక్కడైనా ఉంటే తెర అంచున ఆకుపచ్చ తాళం గుర్తు కనిపిస్తుంది. దాన్ని నొక్కితే ఆ ప్రతి తెరుచుకుంటుంది. ఇది పత్రం డీఓఐ సంఖ్య ఆధారంగా వెతుకుతుంది. 10 అంకెతో మొదలై మధ్యలో ఒక ఏటవాలు గీత ఉండే ఆ సంఖ్య ప్రతి పత్రానికీ వేరుగా ఉంటుంది కనుక, శీర్షికతో పాటు దాన్ని కూడా రాసిపెట్టుకోండి. భౌతిక, గణిత, కంప్యూటర్ శాస్త్రాల పత్రాలైతే ఆర్కైవ్ (arXiv) అనే ప్రీప్రింట్ వేదికలో, వైద్య, జీవశాస్త్రాలవైతే పబ్‌మెడ్ సెంట్రల్‌లో విడిగా వెతకడం మంచిది. ప్రీప్రింట్ అంటే జర్నల్ తరఫున తోటి నిపుణులు చేసే సమీక్షకు ముందటి ప్రతి కాబట్టి, అందులోని అంకెను మీ రచనలో వాడేముందు తుది ప్రతిలోనూ అదే ఉందో లేదో సరిచూడాలి.

మన పత్రికలు విదేశీ తలుపు దగ్గర కనిపించినప్పుడు

ఇది ప్రత్యేకంగా మన దేశానికి సంబంధించిన చిక్కు. సి.వి.రామన్ 1934లో స్థాపించిన ఇండియన్ అకాడమీ ఆఫ్ సైన్సెస్ 'ప్రమాణ', 'సాధన', 'రెజొనెన్స్' వంటి జర్నళ్లను ప్రచురిస్తుంది. వాటిని ఒక విదేశీ సంస్థతో కలిసి అంతర్జాతీయంగా పంపిణీ చేస్తున్నందువల్ల, వెతికినప్పుడు ముందుగా ఆ విదేశీ సంస్థ పేజీయే వస్తుంది, అక్కడ ధర ఉంటుంది. అదే వ్యాసం బెంగళూరులోని అకాడమీ సొంత వెబ్‌సైటులో ఉచితంగా ఉంటుంది. సంవత్సరం, సంపుటి, పుట సంఖ్య చూసుకుని అకాడమీ సైటులో ఆ సంచిక తెరిస్తే చాలు. ఇంటర్మీడియట్, డిగ్రీ విద్యార్థులకు పాఠాలు చెప్పేవారికి 'రెజొనెన్స్' పాత సంచికలు ఒక పెన్నిధి అని పక్కమాటగా చెబుతున్నాను. 1932 నుంచి వస్తున్న 'కరెంట్ సైన్స్' కూడా ఇలాగే తెరిచి ఉంది.

కేంద్ర శాస్త్ర, పారిశ్రామిక పరిశోధన మండలి (సీఎస్ఐఆర్) జర్నళ్లు ఢిల్లీలోని నిస్పర్ సంస్థ నడిపే 'నోపర్' భాండాగారంలో ఉన్నాయి. ఈ సంస్థ పాత పేరు నిస్కేర్, 2021లో విలీనం తరువాత పేరు మారింది కనుక పాత లంకెలు కొన్ని పనిచేయవు. అటువంటప్పుడు లంకెను వదిలి పత్రిక పేరుతో మళ్లీ వెతకాలి. సంప్రదాయ విజ్ఞానం, ఔషధ మొక్కలు, జౌళి, రసాయన శాస్త్రం మీద పనిచేసేవారు ఇక్కడే మొదలుపెట్టడం మేలు. వైద్యంలో 'ఇండియన్ జర్నల్ ఆఫ్ మెడికల్ రీసెర్చ్' ఉచితమే.

శోధ్‌గంగలో మునగడం

పీహెచ్‌డీ సిద్ధాంత గ్రంథాల విషయానికి వస్తే మన దేశంలో ఉన్నంత పెద్ద తెరిచిన నిధి ఎక్కువ దేశాల్లో లేదు. సిద్ధాంత గ్రంథం ఎలక్ట్రానిక్ ప్రతిని సమర్పించాలని యూజీసీ 2009 నిబంధనల్లో విధించిన తరువాత, ఇన్‌ఫ్లిబ్‌నెట్ నడిపే శోధ్‌గంగలో ఇప్పటికి ఐదు లక్షలకు పైగా గ్రంథాలు చేరాయి. నమోదు, రుసుము, లాగిన్ ఏవీ అక్కరలేదు.

అయితే ఇందులో చదవడానికి కొంత ఓర్పు కావాలి. గ్రంథం మొత్తం ఒక్క ఫైలుగా రాదు. శీర్షిక పుట, ధ్రువపత్రం, విషయసూచిక, ఒక్కో అధ్యాయం, ఆధార గ్రంథాల పట్టిక విడివిడి పీడీఎఫ్‌లుగా 01, 02, 03 అని సంఖ్యలతో ఉంటాయి. ఎక్కువమంది 01 నుంచి మొదలుపెట్టి కృతజ్ఞతల దగ్గరే అలసిపోతారు. ముందుగా విషయసూచిక ఫైలు తెరిచి మీకు కావలసిన అధ్యాయం ఏదో గుర్తించండి. ఆ తరువాత జాబితా చివర్లో 80 అంకెతో మొదలై 'రికమెండేషన్' అన్న పేరుతో ఉండే ఫైలు చూడండి. చాలా గ్రంథాల్లో ముగింపు అధ్యాయం అందులోనే ఉంటుంది, పరిశోధకుడు చివరికి తేల్చిందేమిటో ఇరవై నిమిషాల్లో తెలిసిపోతుంది. ఆ గ్రంథం మీకు పనికొస్తుందని తేలాకే మిగిలిన అధ్యాయాలు దించుకోండి.

తెలుగు సాహిత్యం, భాషాశాస్త్రం, జానపద విజ్ఞానం మీద వచ్చిన గ్రంథాలకు మరో రెండు జాగ్రత్తలు అవసరం. మొదటిది, వాటి శీర్షికలు కొన్నిచోట్ల తెలుగు లిపిలో, కొన్నిచోట్ల ఆంగ్ల అక్షరాల్లో, అదీ రకరకాల వర్ణక్రమాలతో నమోదయ్యాయి. 'జానపద' అన్న మాటనే ఆంగ్ల అక్షరాల్లో మూడు నాలుగు విధాలుగా రాసినవారున్నారు. కాబట్టి శీర్షికతో వెతికి దొరకలేదని లేదనుకోవద్దు. విశ్వవిద్యాలయం పేరు, ఆ కింద తెలుగు శాఖ, ఆ శాఖలోని జాబితా అనే క్రమంలో దిగండి. పర్యవేక్షకుల పేరు తెలిస్తే దానితోనూ వెతకవచ్చు. రెండవది, యూనికోడ్ రాకముందు అను వంటి పాత ఫాంట్లలో టైపు చేసిన గ్రంథాల్లో అక్షరాలు కంటికి చక్కగానే కనిపిస్తాయి కానీ, ఒక వాక్యాన్ని కాపీ చేసి మరోచోట పెడితే పొంతన లేని ఆంగ్ల గుర్తులుగా మారిపోతాయి. స్కాన్ చేసి పెట్టినవి కేవలం బొమ్మలే. ఈ రెండు రకాల్లోనూ మాట వెతుకుడు పనిచేయదు. కళ్లతో చదివి, పుట సంఖ్యతో సహా చేతితో రాసుకోవడం తప్ప దారి లేదు.

వ్యవసాయ విశ్వవిద్యాలయాల గ్రంథాల కోసం శోధ్‌గంగ కన్నా ముందు 'కృషికోశ్' చూడండి. ఆచార్య ఎన్.జి.రంగా వ్యవసాయ విశ్వవిద్యాలయంలో వచ్చిన ఎమ్మెస్సీ, పీహెచ్‌డీ గ్రంథాలెన్నో అందులో ఉన్నాయి. ఇంకా సమర్పించని, జరుగుతున్న పరిశోధనల సంక్షిప్త ప్రతిపాదనలు 'శోధ్‌గంగోత్రి'లో ఉంటాయి. పీహెచ్‌డీకి అంశం ఎంచుకుంటున్నవారు అదే అంశం మీద మరొకరు ఇప్పటికే పనిచేస్తున్నారేమో చూసుకోవడానికి ఇది బాగా పనికొస్తుంది.

అడిగితే ఇచ్చేవారు

పై దారులేవీ ఫలించకపోతే రచయితకే రాయండి. పత్రం మొదటి పుటలో ప్రధాన రచయిత ఈమెయిల్ ఉంటుంది, సారాంశం పేజీలోనూ కవరు గుర్తు నొక్కితే కనిపిస్తుంది. ఉత్తరం పొట్టిగా ఉండాలి: "ఫలానా జర్నల్‌లో ఫలానా సంవత్సరం వచ్చిన మీ పత్రం చదవదలచాను. నేను ఫలానా విషయం మీద పనిచేస్తున్నాను, మా కళాశాలకు ఆ జర్నల్ చందా లేదు. వీలైతే ఒక ప్రతి పంపగలరు." పత్రం పూర్తి శీర్షిక, డీఓఐ తప్పక రాయాలి. తమ పని చదువుతామని ఒకరు అడిగితే సంతోషించని పరిశోధకులు అరుదు. పెద్ద ఆచార్యుల నుంచి జవాబు రాకపోతే పది రోజులు ఆగి, రచయితల వరుసలో మొదటి పేరున్నవారికి రాయండి. చాలా విజ్ఞాన శాఖల్లో ఆ మొదటి పేరు పరిశోధనను చేతులతో చేసిన విద్యార్థిదే కాబట్టి జవాబు త్వరగా వస్తుంది.

ప్రచురణ సంస్థల అనుమతి లేకుండా పత్రాలను ఉచితంగా అందించే సై-హబ్ అనే వెబ్‌సైటు ప్రస్తావన లేకుండా ఈ విషయం పూర్తికాదు. మూడు విదేశీ ప్రచురణ సంస్థలు 2020 డిసెంబరులో దాని మీద ఢిల్లీ హైకోర్టుకు వెళ్లాయి, 2025 ఆగస్టులో దాన్ని దేశంలో అందకుండా నిలిపివేయాలని కోర్టు ఆదేశించింది. దాని నైతికత మీద వాదోపవాదాలు ఎలా ఉన్నా, పని దాని మీద ఆధారపడేలా అలవాటు చేసుకోవద్దనే చెబుతాను. చట్టం ఇచ్చిన వెసులుబాటు మాత్రం తెలిసి ఉండాలి. 1957 నాటి కాపీరైట్ చట్టం 52వ సెక్షన్, పరిశోధనతో సహా సొంత అవసరానికి న్యాయమైన మేరకు వాడుకోవడాన్ని ఉల్లంఘనగా పరిగణించదు. బోధనకు సంబంధించిన మినహాయింపు కూడా ఆ సెక్షన్‌లోనే ఉంది. ఢిల్లీ విశ్వవిద్యాలయం ఆవరణలోని జిరాక్స్ దుకాణం మీద ప్రచురణ సంస్థలు వేసిన దావాలో, పాఠ్యాంశం కోసం పుస్తకాల భాగాలను కాపీ చేసి ఇవ్వడం ఆ మినహాయింపు పరిధిలోకి వస్తుందని 2016లో హైకోర్టు తేల్చింది. తరగతిలో చర్చకు ఒక వ్యాసం కాపీలు పంచే అధ్యాపకులు భయపడనక్కరలేదు. పత్రాన్ని అందరూ దించుకునేలా సొంత వెబ్‌సైటులో పెట్టడం వేరే సంగతి.

మీ పత్రాన్ని మీరే తెరిచి ఉంచడం

చదివేటప్పుడు ఉచిత ప్రతి కోసం ఎంతో వెతికినవారే, తమ పత్రం అచ్చైన తరువాత దాన్ని ఎక్కడా పెట్టరు. ఓపెన్ యాక్సెస్, అంటే పత్రాన్ని ఎవరైనా ఉచితంగా చదివేలా ఉంచడం, రచయిత జర్నల్‌కు లక్షలు కడితేనే సాధ్యం అన్న అపోహ దీనికి ముఖ్య కారణం. అది ఒక దారి మాత్రమే. రెండోది, ఖర్చు లేనిది, స్వీయ నిక్షేపం, అంటే రచయితే తన పత్రం ప్రతిని ఒక భాండాగారంలో పెట్టడం.

ఒక పత్రానికి మూడు రూపాలుంటాయి. మీరు మొదట పంపినది ఒకటి. సమీక్షకుల సూచనల ప్రకారం దిద్దాక సంపాదకుడు ఆమోదించిన మీ వర్డ్ ఫైలు రెండవది. జర్నల్ వారు పుటలు కూర్చి, తమ చిహ్నం వేసి వెలువరించినది మూడవది. మూడవదాన్ని బయట పెట్టనివ్వని ప్రచురణ సంస్థలు కూడా, చాలావరకు, రెండవదాన్ని కొంత గడువు తరువాత పెట్టనిస్తాయి. ఏ జర్నల్ ఏ రూపాన్ని, ఎన్ని నెలల తరువాత, ఎక్కడ పెట్టనిస్తుందో 'ఓపెన్ పాలసీ ఫైండర్' అనే ఉచిత సైటులో జర్నల్ పేరు కొడితే తెలుస్తుంది. పాతవారికి ఇది షెర్పా రోమియోగా గుర్తుంటుంది.

మీ పరిశోధనకు కేంద్ర ప్రభుత్వ బయోటెక్నాలజీ విభాగమో, శాస్త్ర సాంకేతిక విభాగమో నిధులిచ్చి ఉంటే ఇది ఐచ్ఛికం కాదు. ఆ రెండు విభాగాలూ కలిసి 2014 డిసెంబరులో ప్రకటించిన విధానం ప్రకారం, జర్నల్ ఆమోదం వచ్చిన రెండు వారాల్లో పత్రాన్ని భాండాగారంలో చేర్చాలి. జర్నల్ గడువు కోరితే అప్పటిదాకా ఫైలు మూసి ఉంటుంది, తరువాత తెరుచుకుంటుంది. ఈ నిబంధనను పట్టించుకున్నవారు తక్కువ. మీ సంస్థకు భాండాగారం లేకపోతే విషయాన్ని బట్టి ఆర్కైవ్‌లో గానీ, ఐరోపా అణు పరిశోధన సంస్థ సెర్న్ నడిపే 'జెనోడో'లో గానీ పెట్టవచ్చు. జెనోడోలో ఏ విషయమైనా, ఏ భాషైనా చెల్లుతుంది, కొత్త డీఓఐ కూడా వస్తుంది, కాబట్టి తెలుగులో రాసిన పరిశోధన వ్యాసాలకు అది బాగా నప్పుతుంది. పెట్టేటప్పుడు శీర్షికను తెలుగు లిపిలోనూ ఆంగ్లంలోనూ రాయండి, శోధ్‌గంగలో మనం పడే అవస్థ ఇంకొకరు పడకుండా ఉంటుంది.

రుసుము కట్టి ప్రచురించే దారి ఎంచుకుంటే మోసాలు ఎక్కువ. "48 గంటల్లో ప్రచురణ" అని వాట్సాప్ గ్రూపుల్లో తిరిగే ప్రకటన, రుసుమును ఒక వ్యక్తి పేరున్న ఖాతాకు పంపమనడం, పశువైద్యం నుంచి సంస్కృతం దాకా అన్నీ ఒకే సంచికలో అచ్చు వేయడం కనిపిస్తే అటువైపు పోవద్దు. ఇటువంటి పత్రికలను వడకట్టడానికి యూజీసీ 2018లో తెచ్చిన కేర్ జాబితాను 2025 ఫిబ్రవరిలో రద్దు చేసి, ఎంపిక బాధ్యతను సంస్థలకే వదిలేసింది. ఇప్పటికీ "యూజీసీ కేర్ గుర్తింపు" అని చెప్పుకునే పత్రికను ఆ ఒక్క మాటతోనే అనుమానించవచ్చు. డీఓఏజే అనే ఓపెన్ యాక్సెస్ జర్నళ్ల సూచికలో, రచయిత నుంచి రుసుము తీసుకోని జర్నళ్లను మాత్రమే చూపమని వడపోత పెట్టుకోవచ్చు. మీ విషయానికి అక్కడ ఒక జర్నల్ దొరికితే రుసుము, మోసం అనే రెండు చిక్కులూ ఒకేసారి తీరతాయి.

ఇంతకీ స్వీయ నిక్షేపం ఆగిపోయేది నిబంధనల వల్ల కన్నా ఆమోదించిన వర్డ్ ఫైలు ఎక్కడుందో తెలియకపోవడం వల్లే ఎక్కువ. పత్రం రాసిన విద్యార్థి చదువు ముగించి వెళ్లిపోతాడు, కళాశాల ఇచ్చిన ఈమెయిల్ మూతపడుతుంది, గైడ్ దగ్గర జర్నల్ వారి పీడీఎఫ్ తప్ప మరొకటి ఉండదు. ఆమోదపు ఈమెయిల్ వచ్చిన రోజే ఆ ఫైలును తేదీతో సహా పేరు పెట్టి, సహ రచయితలందరికీ వారి సొంత ఈమెయిల్‌కు పంపించండి.